ఎనిమిది సెకన్ల బాలకిషన్

చచ్చిపోయిన మనిషిని రోజుకు మూడుసార్లు రౌడీ అనిపించింది నా చేతులే. అరవై తొమ్మిదిలో చిక్కడపల్లి సినిమా హాల్లో నేను ప్రొజెక్టర్ ఆపరేటర్‌ని.

అసలు సినిమాకు ముందు ఒక చిన్న సర్కారు వార్తల రీలు వేయమన్నారు. అందులో నారాయణగూడ చౌరస్తా, తెలంగాణ ఊరేగింపు. ఒక మనిషి చెయ్యెత్తుతాడు. ఎనిమిది సెకన్లు. వెనకనుంచి గొంతు, ‘రాళ్లు రువ్వుతున్న రౌడీ’ అంటుంది. అతను బాలకిషన్, అశోక్‌నగర్ ప్రెస్సులో అక్షరాలు పేర్చే కార్మికుడు. ఆ తర్వాత నిమిషానికే పోలీసు తూటాకు పడిపోయాడు.

అతని భార్య మాసమ్మ రోజూ మ్యాట్నీకి వచ్చేది. ఆ ఎనిమిది సెకన్లు చూసి లేచి వెళ్లిపోయేది. అయిదో రోజు నా క్యాబిన్ మెట్లెక్కింది.

“అన్నా, ఆయన చేతిల రాయి ఏడున్నది? జర బొమ్మ ఆపి చూపియ్యి.”

“ఆపితే దీపం వేడికి రీలు కాలుతదక్కా.”

“మనిషిని కాల్చినోళ్లకు లేని భయం నీకు రీలుకున్నదా?”

మరుసటి ఆటలో నేనూ చూశాను. ఖాళీ అరచెయ్యి. ఆగమని పోలీసులకు చూపిస్తున్నాడు. ఇన్ని ఆటలు వేసీ, ఆ గొంతు చెప్పిందే చూశాను.

రీలు మీద రచన వేదవతి అని ఉంది. హిమాయత్‌నగర్‌లో ఆమె ఇల్లు వెతికి పట్టుకున్నాను. గుంటూరు వాళ్లు. రీలు తీసిన కంపెనీ వాళ్లు దృశ్యాల జాబితా పంపిస్తే ఇంట్లో కూర్చుని మాటలు రాసిచ్చిందట, అందరూ అలాగే రాస్తారట.

“జాబితాలో రౌడీలు అనే ఉందండీ. బొమ్మ నేను చూడలేదు.”

మర్నాడు వేదవతి హాలుకు వచ్చి మాసమ్మ పక్కన బెంచీలో కూర్చుంది. చూశాక మాసమ్మ వెంటే ప్రెస్సుకు నడిచింది.

ఏం చేయాలో తేల్చుకోవడానికి అక్కడ కార్మికులు, విద్యార్థులు కూడారు. ఆంధ్రావాళ్లను ఎట్లా నమ్ముతామని కుర్రాళ్లు ఎగిరారు. మాసమ్మ ఒక్కటే అంది.

“రాసింది ఆమె. తుడిపేది గూడ ఆమెనే. కూసోనియ్యుండ్రి.”

ఆదివారం మ్యాట్నీ. ఆ రీలు మొదలవగానే సౌండు కట్టేశాను. వేదవతి బెంచీ మీద నిలబడింది.

“ఇందులో రౌడీ అన్న మాట నేనే రాశాను. చూడకుండా రాశాను. ఇప్పుడు లేచే చెయ్యి మీరైనా చూడండి.”

తెరమీద బాలకిషన్ చెయ్యి లేచింది. మాసమ్మ లేచి, అతనిలాగే అరచెయ్యి ఎత్తింది. తర్వాత ప్రెస్సు వాళ్లు. తర్వాత బెంచీలన్నీ. చివరికి బాల్కనీ లేచింది. ఆ చేతుల నీడలు తెరనిండా పడ్డాయి, వాటి మధ్య అతని చెయ్యి ఏదో తెలియలేదు.

గేటు దగ్గరే పోలీసులు నన్నూ వేదవతినీ పట్టుకెళ్లారు. విడుదలయ్యాక ఆమె సొంతంగా డాక్యుమెంటరీలు తీసింది. వెట్టి మీద, బీడీ కార్మికుల మీద, మర్చిపోయిన తిరుగుబాట్ల మీద. బొమ్మ వేయించుకుని చూడకుండా ఒక్క మాట రాయలేదు. ప్రతిసారీ పక్క కుర్చీ ఖాళీగా ఉంచేది. ఎవరికని నేను అడగలేదు.

మేం లాకప్పులో ఉండగానే, సోమవారం కొత్త ఆపరేటర్ సౌండు పెంచి అదే రీలు వేశాడట. అన్నం తెచ్చిన ప్రెస్సు కార్మికుడు చెప్పాడు. రౌడీ అన్న మాట ఎవరికీ వినపడలేదట. ఆ క్షణానికి హాలంతా ఒక్క గొంతుతో బాలకిషన్ అందట.