గొడుగు పక్కన చేప

పాత మార్కెట్ స్తంభానికి గొడుగు ఆనించి, నాలుగడుగులు వెనక్కి వచ్చి ఫోన్ పైకెత్తాడు. గొడుగు జారిపడింది. మళ్లీ వెళ్లి నిలబెట్టాడు.

పాత కట్టడాల గురించి పత్రికలో వారం వారం రాసే ఈ విలేకరి తీసిన ప్రతి ఫోటోలోనూ ఆ నల్ల గొడుగు ఉంటుంది. పక్కన తెలిసిన వస్తువుంటేనే రాయి ఎంత ఎత్తో చదివేవాళ్లకు అందుతుందని ఆయన పట్టుదల. ఎండైనా వానైనా అది వెంట ఉండాల్సిందే. “పెళ్లికి వెళ్తూ పిల్లిని చంకన పెట్టుకెళ్లినట్టు” అని ఆఫీసులో నవ్వేవాళ్లు. ఆయనా నవ్వేవాడు. ఆయనతో నవ్వేవాళ్లు ఇంకెవరున్నారు కనక!

స్తంభం మీద చేప చెక్కి ఉంది. బేరాలాడేవాళ్లు చెయ్యి ఆనించీ ఆనించీ దాని వీపు నున్నగా అరగదీశారు. మర్నాడు మార్కెట్ కూల్చేస్తున్నారు. ఆయనా దాని మీద ఓసారి అరచెయ్యి ఆనించాడు.

ఫోన్ మోగింది. పొరుగూళ్లో ఉండే అక్క.

“ఒరే, ఫోటో పంపమని ఎన్నిసార్లడగాలిరా? నువ్వెలాగూ రావు. నా చూపు పూర్తిగా పోకముందు నీ మొహం ఓసారి చూడాలనుందిరా.”

“ఇవాళ పంపిస్తానక్కా. ఒట్టు.”

చెప్పులరిగేలా ఊళ్లన్నీ తిరిగాడు గానీ, అక్క ఊరు వెళ్లి ఏళ్లయింది. అది తలుచుకుంటే ఆయనకు సిగ్గేసింది. కాపలా మనిషిని పిలిచి ఫోన్ చేతికిచ్చి, స్తంభం ముందు నిలబడ్డాడు.

“నవ్వండి సార్! సూది వేయించుకుంటున్నట్టు ఆ మొహమేంటి?”

నవ్వబోయి వెనక్కి చూశాడు.

“ఉండవయ్యా, నేనడ్డొస్తే చేప కనపడదు. ముందు దాన్ని తియ్యి. రేపటికి అదుండదు. నా మొహానిదేముంది, ఎప్పుడైనా తీసుకోవచ్చు.”

పక్కకు జరిగాడు. గొడుగు మళ్లీ జారబోతే చెయ్యి చాచి పట్టుకున్నాడు. కాపలా మనిషి ఫోటో తీశాడు. ఇంతలో గేటు దగ్గర లారీ హారన్ కొట్టింది. అతను ఫోన్ తిరిగిచ్చేసి పరుగెత్తాడు.

ఆఫీసులో గొడుగు మూలన పెట్టి, పేజీకి చేప ఫోటో పంపి, దాని గురించి రాశాడు. రాయడం అయ్యాక తల బల్ల మీద ఆనించాడు.

“బాబాయ్, హెడ్డింగ్ కాస్త చిన్నది చెయ్యనా?” అంది పేజీ చూసే ఆవిడ.

జవాబు రాలేదు. అలిసిపోయి నిద్రపోతున్నాడనుకుని, కాగితాలు ఎగరకుండా ఫ్యాను తగ్గించింది. పేజీ పూర్తయ్యాక లేపబోతే తెలిసింది.

చావు వార్తకు ఫోటో కావాల్సొచ్చింది. గుర్తింపు కార్డు మీద బొమ్మ ఎప్పుడో చెమటకు చెరిగిపోయింది. ఫోన్ నిండా గోడలు, బావులు, గుమ్మాలు, గొడుగు.

మర్నాడు అక్క వచ్చింది. పేజీ చూసే ఆవిడ ఒక్కో ఫోటో జరుపుతుంటే, ఆయన ఫోన్ కంటికి ఆనించుకున్నంత దగ్గరగా పెట్టుకుని చూసింది.

“వీడేడమ్మా?”

“ఇంక ఇదొక్కటేనండీ. చేప ఫోటో.”

అంచున గొడుగు పిడి పట్టుకున్న చెయ్యి పడింది. చిటికెన వేలు కొంచెం వంకర.

“ఇదిగో, ఉన్నాడు,” అంది అక్క. “ఈ చెయ్యి పట్టుకుని బడికి తీసుకెళ్లాను. నాకు తెలీదా?”

ఫోన్ గుండెకు హత్తుకుని ఏడ్చింది.

మూలన గొడుగు అలాగే ఉంది, చెయ్యి పట్టుకునే చోట పిడి నున్నగా అరిగిపోయి.