ఏడో అంతస్తు పుస్తకాల బరువు

నమ్మనివాళ్లెవరైనా ఉంటే ఇప్పుడే చెయ్యెత్తండి. ఎత్తినవాళ్లు నేరుగా కొండాపూర్ పోయి, అక్కడి అపార్ట్‌మెంట్ టవర్లో ఏడో అంతస్తు నేల ఎంత కుంగిందో కొలిచి రండి. తర్వాత మాట్లాడుకుందాం.

ఆ నేల తుడిచేది జయంతి. రోజూ పొద్దున్నే సర్వీస్ లిఫ్టులో ఎక్కి, ముందు క్లబ్‌హౌస్‌లోని అద్దాల బీరువాలు తుడిచేది. వాటి నిండా పుస్తకాలు. సోఫాల రంగుకు నప్పాలని ఇంటీరియర్ వాళ్లు గజాల లెక్కన తెచ్చి, పేర్లు కనిపించకుండా గోడవైపు తిప్పి పెట్టి తాళం వేశారు. అపార్ట్‌మెంట్ వాళ్లకే ప్రవేశమని బోర్డు. వాళ్లేమో ముందు నిలబడి సెల్ఫీలు దిగేవారు.

చదవని పుస్తకం ఏటేటా బరువెక్కుతుందని అందరికీ తెలిసిందే. కింద ఆరో అంతస్తు వాళ్లు అప్పటికే తలలు వంచుకుని తిరుగుతున్నారు.

ఆ తాళం చూస్తే జయంతికి ఒళ్లు మండేది. వాళ్ల ఊరు నార్సింగిలో ఒంటిగది గ్రంథాలయం ఉండేది. వాళ్ల నాయన పైకి చదివితే గది నిండా జనం వినేవారు. ఇలాంటి టవర్లకు పోయే రోడ్డు వెడల్పు పేరుతో దాన్ని కూల్చారు. ఆ పుస్తకాలు లారీకెక్కిస్తే లారీ గాల్లోకి లేచింది. తాళ్లతో కట్టి లాక్కుపోవాల్సి వచ్చింది. ఊరంతా చదివిన పుస్తకాలు మరి.

ఒకనాడు చెదల మందు కొట్టడానికి బీరువాలు తెరిచారు. జయంతి ఒక పుస్తకాన్ని అరలో ఉన్నదున్నట్టే తెరిచి, అన్నం మాని, చివరి పేజీ దాకా చదివింది. అసోసియేషన్ సెక్రటరీ మధుసూదన్ చూశాడు.

"ఇవి మీ కోసం పెట్టినవి కాదు. రేపట్నుంచి రావద్దు."

"చదివితే అరుగుతదా సారు?"

"రూల్ రూలే."

ఆ వారమే అక్కడ గేమ్స్ రూమ్ కట్టాలని తీర్మానించారు. బీరువాలు ఖాళీ చేయబోతే, పట్టుకున్న ఏ పుస్తకమూ కదల్లేదు. జీడిమెట్ల నుంచి బాయిలర్లు ఎత్తే క్రేన్ వచ్చింది. కిటికీలోంచి ఒక్క పుస్తకానికి కొక్కెం తగిలిస్తే, క్రేన్ వెనక చక్రాలు గాల్లోకి లేచాయి.

యూనిఫాం తిరిగిచ్చిపోదామని వచ్చిన జయంతి, తను చదివిన పుస్తకాన్ని రెండు వేళ్లతో తీసి చంకన పెట్టుకుంది. మధుసూదన్ గొంతు మారింది.

"జయంతమ్మా, మిగతావి కూడా జర..."

"మొయ్య. ఊరంత చదివినయి లారీల ఏస్తిరి, ఎవ్వరు చదవనియి అద్దాలల్ల పెడ్తిరి. తాళంచెవి నాకియ్యి. నేను చదువుత, మావోళ్లు వింటరు. మెయిన్ లిఫ్టులనే వస్తరు."

నేల కిర్రుమంది. ఇచ్చేశాడు.

డ్రైవర్లు, వాచ్‌మెన్లు, సిమెంటు చేతుల మేస్త్రీలు మెయిన్ లిఫ్టులోనే ఎక్కారు. జయంతి పేజీ తిప్పినప్పుడల్లా నేల వెంట్రుకవాసి పైకి లేచింది. ఆరో అంతస్తులో ఒక ముసలాయన మెడ నిలబెట్టాడు. గేమ్స్ రూమ్ మాట మళ్లీ ఎవరూ ఎత్తలేదు. తాళంచెవి ఇప్పటికీ జయంతి కొంగునే ఉంది. ఇంకా సగం బీరువాలు మిగిలే ఉన్నాయి, కొలిచేవాళ్లు తొందరపడాలి.

సాక్ష్యం కావాలా? ఆ క్రేన్ డ్రైవర్ని అడగండి. బండి కిందే వదిలేసి, ముందు వరుసలో కూర్చుని వింటున్నాడు. పేరు ఈశ్వరయ్య.