బుబుసారా ఏడుపుపాట

జుమాకదిర్ సినిమాలకు సంగీతం కట్టేవాడు, నేను స్టూడియోలో అతని పక్కన కూర్చుని రికార్డింగ్ చేసేవాణ్ణి. అతని సంగీతాన్ని కళామండలి పెద్దలు వరుసగా రెండుసార్లు తిప్పి పంపారు. అందులో ప్రజల గొంతు లేదట. వాళ్ల మొహం, ప్రజలెవరో వాళ్లకేం తెలుసు! మూడోసారి కూడా కాదంటే అతన్ని ఏదో మారుమూల బళ్లో అకార్డియన్ నేర్పడానికి పంపేస్తారని అందరం అనుకుంటున్నాం.

సరిగ్గా అప్పుడే అతని చెల్లెలు బుబుసారా భర్త మంచుచరియ విరిగి మీదపడి చనిపోయాడు. ఇద్దరం నరీన్ కొండల్లో ఆమె ఊరికి వెళ్లాం. మా కిర్గిజ్ వాళ్లలో మొగుడు పోతే భార్య గుడారంలో గోడవైపు తిరిగి కూర్చుని, తను కట్టుకున్న ఏడుపుపాట పాడుతుంది. మగవాళ్లం బయట నిలబడి ఏడుస్తాం. "నీ బూట్ల మంచు ఇంకా కరగనే లేదు, మళ్లీ ఎక్కడికి బయల్దేరావు" అని ఆమె పాడుతుంటే జుమాకదిర్ నా చెయ్యి గిల్లాడు. నా చేతులు విరిగిపోను, కారులోంచి టేపురికార్డరు తెచ్చి, గుడారం అంచు కిందనుంచి మైకు లోపలికి తోశాను. చెల్లెలికి తర్వాత చెప్తానన్నాడు. చెప్పలేదు.

ఈసారి సినిమాలో ఆ టేపు విని పెద్దలు కళ్లు తుడుచుకున్నారు. సినిమాకు బహుమతి, అతనికి నగరంలో ఇల్లు వచ్చాయి. తెరమీద వేసే పేర్లలో ఆ పాటకు ‘జానపద బాణీ’ అని వేశారు. ఆమె పేరు వేయమని నేను మాత్రం ఏ మొహం పెట్టుకుని అడగను?

ఆ చలికాలం సినిమా బండి బుబుసారా ఊరికీ వెళ్లింది. తెరమీద ఎవరో నటి పెదవులు కదిపితే తన గొంతు వినిపించిందట. పొద్దుతిరుగుడు గింజలు నములుతూ జనం వంత పాడారట. ఆమె మధ్యలోనే లేచి ఇంటికి వెళ్లిపోయిందని తెలిసింది.

రెండేళ్లకు వాళ్లమ్మ పోయింది. గుడారంలోంచి కోడళ్ల గొంతులు వస్తున్నాయి, కూతురి గొంతు రావడం లేదు. కూతురు పాడకుండా తల్లిని పంపడమంత అవమానం మాలో లేదు. జుమాకదిర్ ఆగలేక, మగాడు వెళ్లకూడని ఆ గుడారంలోకి వెళ్లిపోయాడు. నేను గుమ్మం దగ్గర నిలబడ్డాను.

"పాడవే తల్లీ," అని బతిమాలాడు. "అమ్మ కోసం. నామీద కోపం తర్వాత తీర్చుకుందువుగానీ."

ఆమె ఇటు తిరగలేదు.

"కోపమేం లేదన్నయ్యా. పొద్దుట్నుంచీ పాడదామనే చూస్తున్నా. నోరు తెరిస్తే చాలు, ఎవరో పట్టుకుపోడానికి కాచుక్కూర్చున్నట్టుంటోంది. గొంతు మూసుకుపోతోంది."

జుమాకదిర్ ఆడవాళ్లందరి ముందూ కూలబడి ఏడ్చాడు. వాళ్లమ్మను కూతురి పాట లేకుండానే తీసుకెళ్లి పూడ్చాం.