సిద్దిరాములు మగ్గం ఆడిన మూడు రోజులు

1949 వేసవిలో సుందర్ రావు కెమెరా పట్టుకుని వరంగల్లులోని మట్టెవాడకు వచ్చాడు. హనుమకొండ మిషన్ కాంపౌండులో పుట్టి, బొంబాయిలో సినిమా పని నేర్చినవాడు. నేతగాళ్ల బతుకు మీద చిన్న సినిమా తీసుకురమ్మని అతని కంపెనీ పంపింది. పదకొండు రోజులు ఇంటింటికీ తిరిగాడు. ఎక్కడా మగ్గం ఆడటం లేదు. నూలు దొరక్క నేతగాడు మొండయ్య మూటలు మోస్తున్నాడు, నేతపని చేసే రాజవ్వ బీడీలు చుడుతోంది. కనబడ్డది కనబడ్డట్టే తీసి పంపాడు. ఖాళీ మగ్గాలు ఎవరు చూస్తారు, ఆడే మగ్గం కావాలని కంపెనీ నుంచి ఉత్తరం వచ్చింది.

సుందర్ రావుకు వాదించే ఓపిక లేదు. నూలు షావుకారును బతిమాలాడు. షూటింగ్ అవగానే నేసిన బట్ట, మిగిలిన నూలు తిరిగి ఇచ్చెయ్యాలని షరతు పెట్టి, ఆయన ఒక చీరకు సరిపడా నూలు ఇచ్చాడు.

ఆ నూలు సిద్దిరాములు ఇంటికి చేరింది. అరవై ఏళ్ల మనిషి, నాలుగు నెలలుగా మగ్గం గుంటలోకి దిగలేదు. భార్య అనసూర్య నూలును కండెలకు చుట్టింది. మగ్గానికి పడుగు దారాలు ఎక్కించేసరికి రెండు రోజులైంది. నేత మొదలుపెట్టినప్పుడు కాళ్లు తడబడ్డాయి. కాసేపటికి మగ్గం చప్పుడు వీధంతా వినబడింది. మొండయ్య, రాజవ్వ వచ్చి గుమ్మంలో నిలబడ్డారు.

మధ్యాహ్నానికి రీలు అయిపోయింది.

"చాలు పెద్దయ్యా, ఇగ లేవుండ్రి," అన్నాడు సుందర్ రావు.

సిద్దిరాములు చెయ్యి ఆపలేదు. "మీదైంది సార్. నాది గాలె. జానెడే నేసిన."

అంతలో షావుకారు గుమాస్తా గోపాల్ వచ్చాడు. "అయిపోయిందా సార్? మిగిలిన నూలు తీస్కపోత."

సుందర్ రావు ముసలాయన చేతుల వైపు చూశాడు. "ఇంకా కాలేదు. చీర మొత్తం అయ్యేదాక తియ్యాలె."

ఆ అబద్ధం మూడు రోజులు సాగింది. గోపాల్ వచ్చినప్పుడల్లా సుందర్ రావు రీలు లేని కెమెరాకు చాబీ ఇచ్చి, తీస్తున్నట్టు తిప్పాడు. నడుము పట్టేసినా పీట మీంచి లేవలేదు. రెండో రోజు అనసూర్య చాయ్ ఇస్తూ, "ఊకెనే తిప్పుతాన్లు గద సారూ, నాకెర్కే," అంది మెల్లగా. అతను తలూపాడు. ఆమె ఇంకెవరికీ చెప్పలేదు.

మూడో రోజు సాయంత్రం చీర మగ్గం మీంచి దిగింది. గోపాల్ మడతపెట్టి పట్టుకుపోయాడు. సిద్దిరాములు గుంట గట్టున కూర్చుని మోకాళ్లు ఒత్తుకున్నాడు.

"ఇంకో చీర గూడ తియ్యరాదా సార్?"

"రేపు నేను పోవాలె పెద్దయ్యా."

"మంచిది," అని ఆయన గోడకు ఆనుకున్నాడు.

ఆరు నెలలకు ఆ సినిమా హైదరాబాదులో ఒక హాల్లో తెర మీద పడింది. సిద్దిరాములు మగ్గం అర నిమిషం ఆడింది. వరంగల్లులో ఒక్క మగ్గమూ ఖాళీగా లేదని తెర వెనక నుంచి వ్యాఖ్యాత గొంతు గర్వంగా చెప్పింది. సినిమాలో మొండయ్య లేడు, రాజవ్వ లేదు. సుందర్ రావు చివరిదాకా కూర్చోలేక బయటికి వచ్చి మెట్ల మీద కూలబడ్డాడు. పని మానేస్తానని ఉత్తరం రాద్దామనుకున్నాడు. చెయ్యి లేవలేదు.

మరుసటి వారం కంపెనీ ఇంకో ఊరికి వెళ్లమంది. వెళ్లాడు.