నా ఒంటి మీద నవంబరు పంతొమ్మిది

నేను ఒక నల్లబల్లను. గుడిసేవ సాంబయ్యను మాత్రం చచ్చినా క్షమించను. నన్ను రంపంతో కోయించినవాడు అతనే. మా నీలాలలంక గ్రంథాలయానికి ప్రెసిడెంటు. ఒక్క పుస్తకం తెరిచిన పాపాన పోలేదు.

పుట్టుకతో నేను తలుపును. దివిసీమలో, మా ఊరి శివారున ఉప్పుకాలువ పక్కనున్న పల్లెపాలెంలో ఒక జాలరి ఇంటికి కాపలా. 1977 నవంబరు 19న ఉప్పెన వచ్చి ఆ ఇంటిని ఎత్తుకుపోయింది. ఆ ఇంటి పిల్ల నాంచారమ్మ, గొళ్ళెం ఊడిపోయిన బెజ్జంలో రెండు వేళ్ళు దూర్చి నన్ను పట్టుకుంది. తెల్లారేదాకా వదల్లేదు. అమ్మ, నాన్న, తమ్ముడు దొరకలేదు. అప్పటినుంచి నాకు నీళ్ళంటే భయం. పక్కన ఎవరైనా కూజాలోంచి గ్లాసులోకి వంపుకున్నా నా చెక్క బిగుసుకుపోతుంది.

బడిలో బల్ల కూడా కొట్టుకుపోయిందని తెలిసి ఆ పిల్ల నన్ను ఇచ్చేసింది. అడ్డంగా తిప్పి నల్లరంగు పూశారు. ఎక్కాలు సగంలో ఉండగానే గోడకు సిమెంటు బల్ల కట్టి నన్ను బయటపడేశారు. నా చదువు అంతే.

గ్రంథాలయం చూసుకునే శేషుబాబు నన్ను వరండాకు తెచ్చుకున్నాడు. నెత్తిన 'చరిత్రలో ఈ రోజు' అని తెల్లరంగుతో రాశాడు. అడుగున గీత గీసి 'ఊరి కబుర్లు' అన్నాడు. పైన పాతవి, కింద కొత్తవి. కిరసనాయిలు ఎప్పుడిస్తారో, తుఫాను ఎటు కదులుతోందో అన్నీ కిందే.

తారీఖు ఒకటైతే చాలు, మనుషులు పుట్టినవాళ్ళనూ పోయినవాళ్ళనూ ఒకే బంతిలో కూర్చోబెడతారు. నవంబరు 19న మొదటి వరుస ఝాన్సీ లక్ష్మీబాయి జననం. రెండోది ఇందిరాగాంధీ జననం. మూడోది, దివిసీమ ఉప్పెన. ఆ మూడో వరుస రాసేటప్పుడు సుద్దముక్క నా మీద కీచుమనేది. వణికింది సుద్దో నేనో తెలియదు.

నాంచారమ్మ చేపలమ్ముకుని తిరిగొస్తూ ఆ వరుసను పమిటచెంగుతో తుడిచేసేది. ఏటా అంతే. "పగలంతా ఉండనీ బాబూ, అందరూ తలుచుకుంటారు. రాత్రికి మాత్రం ఆ మాట నా తలుపు మీద ఉండకూడదు," అనేది. తరువాత గొళ్ళెం బెజ్జాన్ని వేళ్ళతో ఒకసారి తడిమి వెళ్ళేది.

ఆ మధ్య సాంబయ్య రొయ్యల మేత కొట్టు పెట్టాడు. బోర్డుకు చెక్క కావలసి వచ్చింది. "ఊరి కబుర్లు నోటితో చెప్పుకుంటే చాలవేంటయ్యా?" అని నా అడుగుభాగం కోయించి పట్టుకుపోయాడు. గొళ్ళెం బెజ్జం అందులోనే పోయింది.

సెల్‌ఫోన్లు రాని రోజులు. ఆ ఏటి నవంబరు 19న పొద్దున్నే ముసురు పట్టింది. మూడు వరుసలూ పడ్డాయి. నాంచారమ్మ త్వరగా వచ్చి మూడోది తుడిచి, బియ్యం తెచ్చుకోవడానికి బజారుకెళ్ళింది. అంతలో రేడియో హెచ్చరిక చెప్పింది. శేషుబాబు ఆ ఖాళీలోనే గబగబా రాశాడు: 'ఉప్పెన ప్రమాదం. పల్లెపాలెం వాళ్ళు చీకటి పడేలోపు బడి మేడ ఎక్కండి.' జనాన్ని చేరవేసే లారీ అడగడానికి సైకిలెక్కి పోయాడు.

కబుర్ల చోటు లేక, రాబోయే ఉప్పెన చరిత్ర కింద చేరింది.

జనం వస్తున్నారు, చూస్తున్నారు, పోతున్నారు. పల్లెపాలెం బుల్లియ్య గొడుగు కిందనుంచి తొంగి చూసి, "ఆ, ఏడాదికోసారి ఉండే తద్దినమేగా," అని బీడీ వెలిగించుకున్నాడు. అరవడానికి నాకు నోరేది? గాలి నన్ను గోడకేసి కొడుతుంటే టపటపలాడాను. ఆ చప్పుడైనా ఎవరూ వినలేదు.

నాంచారమ్మ బియ్యం మూటతో వచ్చింది. ఆగింది.

"ఇందాకే తుడిచానుగా! మళ్ళీ ఎవడు రాశాడ్రా?"

"నీ కొంగు తడిసిపోయి సరిగా తుడవలేదేమో అక్కా."

"నా చేత్తో తుడిచాను, నాకు తెలీదా? నాకు అక్షరాలు రావు, నోట్లో బీడీ తీసి మొత్తం నువ్వు చదువు, సచ్చినోడా!"

బుల్లియ్య చదివాడు. 'బడి మేడ' దగ్గరికి వచ్చేసరికి బీడీ కింద పడేశాడు.

ఆమె మూట అక్కడే పడేసి, నన్ను మేకు నుంచి ఊడదీసి నెత్తిన పెట్టుకుంది. పల్లెపాలెంలో వలలు సర్దుకుంటున్న మగాళ్ళ మధ్య నన్ను నిలబెట్టింది. నా మీద రాతలు వానకు కారిపోయాయి.

"బల్ల మోసుకొచ్చావేంటే, పంతులమ్మవయ్యావా?" అని నవ్వాడు ఒక ముసలాయన.

"ఇది నన్ను బతికించిన తలుపు మావా. మళ్ళీ నా చేతికొచ్చింది. ఇంకేం చెప్పాలి మీకు?"

నవ్వు ఆగిపోయింది. వలలు ఎక్కడివక్కడే వదిలి పిల్లల్ని ఎత్తుకున్నారు. పొరుగింటి బాలింత చంటిదాన్ని చేతుల్లో పెడితే, నాంచారమ్మ నన్ను ఇసుకలో వదిలేసింది. తప్పనను. రెండు చేతులేగా.

చీకటితో పాటు నీళ్ళొచ్చాయి. పాత ఉప్పెనంత కాదు, నడుం లోతు. నేను మళ్ళీ తేలాను. ఆ రాత్రి నా భయం మునుగుతానని కాదు. చీకట్లో ఎవరైనా పిల్ల కొట్టుకొచ్చి నన్ను అందుకుంటే, వేళ్ళు దూర్చే చోటు నాకు లేదు. ఎవరూ రాలేదు. అందరూ మేడ మీదే ఉన్నారట. సాంబయ్య కొట్టు బోర్డు మాత్రం సముద్రంలోకి పోయింది.

సరుగుడు తోటలో దొరికితే నన్ను మళ్ళీ వరండాలో తగిలించారు. ఇప్పటికీ ఆ తారీఖున నాంచారమ్మ వస్తుంది, మూడో వరుస తుడుస్తుంది, అలవాటుగా కిందికి చెయ్యి చాపుతుంది. రంపపు కోత తగిలి చెయ్యి వెనక్కి తీసుకుంటుంది.

నాకు పోయింది ఆరడుగుల పొడవు, అడుగు వెడల్పు, అందులో రెండు వేళ్ళు పట్టే బెజ్జం ఒకటి.