కల్నల్‌కి రొట్టె లేదు

జురాందీర్ పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని, మీసం దువ్వుకుని, తిట్లు తినడానికి రొట్టెల దుకాణానికి బయలుదేరాడు. తిజూకా పేటలో ఇంకా దుకాణాలు లేకపోలేదు. అక్కడ తిట్టరు.

దుకాణం నడిపే జుల్మీరా వెనక గోడకి కొక్కేలున్నాయి. వాడుక మనుషుల రొట్టెలు, పేర్లు రాసిన కాగితపు సంచుల్లో, వాటికి వేలాడుతుంటాయి. వాటిలో జురాందీర్ సంచీ ఏనాడూ లేదు.

"మళ్లీ తయారయ్యావా కల్నల్? నీకు రొట్టె లేదు పో! ముందు ఆ తల్లిలేని పిల్ల ఇల్లు ఆ పిల్లకిచ్చెయ్."

"అది సీరియల్లో, జుల్మీరా గారూ. నాకున్నది అద్దె గది."

"చూశారా, ఎంత నంగనాచిలా మాట్లాడుతున్నాడో!" అంది ఆమె, వెనక నిలబడ్డవాళ్లతో.

జురాందీర్ ముఖం వెలిగిపోయింది. నలభై ఏళ్లుగా సినిమాల్లో, సీరియళ్లలో అతను తలుపులు తీశాడు, కాఫీలు తెచ్చాడు, ఫాదరై పెళ్లిళ్లు జరిపించాడు, డాక్టరై పెదవి విరిచాడు. పొడుగ్గా, బట్టతలతో, ఎక్కడ నిలబెట్టినా గోడలో కలిసిపోయే మనిషి. పోయిన భార్య కూడా సినిమా అంతా చూసి, "ఇంతకీ నువ్వెక్కడున్నావు?" అనేది. ఈ వయసులో ఒక సీరియల్లో దుర్మార్గుడైన కల్నల్ వేషం దొరికింది. ఏళ్ల తరబడి రొట్టెలమ్ముతూ ఒక్కసారీ మొహం చూడని జుల్మీరా, మూడో వారానికల్లా అతనికి అమ్మడం మానేసింది. అంత పెద్ద బహుమతి అతనికి ఎవరూ ఇవ్వలేదు.

ఆ రోజు స్టూడియోలో చేతికిచ్చిన కాగితాలు చదివి నీరుగారిపోయాడు. కల్నల్ మారిపోతాడట. పిల్ల కాళ్లమీద పడి, ఇల్లు తిరిగిచ్చేసి, ఊరొదిలి వెళ్లిపోతాడట. జనం తీరునిబట్టి రచయిత కథ తిప్పుతూనే ఉంటాడు. ఇప్పుడు జనానికి కన్నీళ్లు కావాలిట.

"నెల్మా, నన్ను మంచివాణ్ణి చెయ్యకు తల్లీ," అని డైరెక్టరును బతిమాలాడు. "ఆవిడ నాకు రొట్టె ఇచ్చేస్తుంది."

"ఎవరో ఏమో, ఇస్తే తినండి జురాందీర్ గారూ! టైమైపోతోంది."

కల్నల్ ఏడ్చాడు. లైట్లు పట్టుకున్నవాళ్లు కూడా ముక్కులు తుడుచుకున్నారు. పిల్ల క్షమించింది. ఆ పిల్లను కావలించుకుని, ఆమె భుజం మీదుగా చెయ్యి చాచి, బల్లమీది వెండి చెంచా తీసి కోటు జేబులో వేసుకున్నాడు.

కట్ చెప్పి నెల్మా పగలబడి నవ్వింది. "ముసలాయన కొంప ముంచాడు! ఉంచేద్దాం."

శుక్రవారం సాయంత్రం అది టీవీలో వచ్చింది. చెంచా జేబులో పడగానే వీధి వీధంతా కిటికీల్లోంచి, "దొంగ! దొంగ!" అని కేకలు. అందరికంటే పైన జుల్మీరా గొంతు. జురాందీర్ కుర్చీలో వెనక్కి వాలి హాయిగా విన్నాడు. చివరి పాట అయ్యేసరికి, ఆ కుర్చీలోనే, పోయాడు.

శవపేటిక దగ్గరికి జుల్మీరా ఏడుస్తూ వచ్చింది, బుట్టలోంచి వేడి రొట్టె తీస్తూ. "నీ కడుపు మాడ్చాను కదయ్యా!"

నెల్మా ఆమెను పక్కకి పిలిచి, ఆ రోజు స్టూడియోలో రొట్టె గురించి అతనన్న మాట చెప్పింది.

"అలా అన్నాడా?" జుల్మీరా కళ్లు తుడుచుకుంది. రొట్టె మళ్లీ బుట్టలో పెట్టేసుకుంది. "అయితే వీడికి ఇప్పుడూ లేదు."

మర్నాటినుంచి ఆ దుకాణంలో ఒక కొక్కేనికి 'కల్నల్' అని రాసిన సంచీ వేలాడుతోంది, ఖాళీగా.