గోడ అవతల పిలుపు

తెల్లవారుతుండగానే గోడ అవతల నుంచి "నర్సయ్యా, ఓ నర్సయ్యా" అని పిలుపు వచ్చింది. రాజమల్లయ్య దుప్పటి ముఖం మీదికి లాక్కున్నాడు. పిలిచింది పక్కింటి బాలనర్సయ్య భార్య స్వరూప. ఆమె పోయి పదకొండు నెలలు.

సిద్దిపేటలో ఇది ఎవరికీ వింత కాదు. మనిషి పోయిన మూడోనాడు పిట్టకు ముద్ద పెట్టిన జాగలోనే పిలుపు తీగ గింజ నాటుతారు. గింజలు చేర్యాల సంతలో దొరుకుతాయి. ఒక చావుకు ఒకటే గింజ మొలుస్తుంది. అది ఎండితే ఇంకోటి మొలవదు. ఆరు నెలలకు తెల్లటి పూలు మొదలవుతాయి. పోయినవాళ్లు ఎవరిని తలుచుకుంటే పువ్వు విచ్చుకుంటూ వాళ్లను పిలుస్తుంది. మధ్యాహ్నానికి రాలిపోతుంది.

రాజమల్లయ్య భార్య కొండవ్వ పోయి రేపటికి ఏడాది. అతని పెరట్లోనూ తీగ ఉంది. గోడెక్కి అవతలికి కూడా ఒక కొమ్మ దించింది. రోజుకు ఐదారు పూలు పూస్తుంది. ఇన్నాళ్లలో ఒక్క పువ్వూ అతని పేరు పలకలేదు.

ఏం తక్కువ చేశాడో అతనికి అంతుపట్టలేదు. కొండవ్వ పాత చీర కట్టి తీగకు నీడ చేశాడు. మేకల ఎరువు మోసుకొచ్చి వేశాడు. అవతల బాలనర్సయ్య తన తీగకు పుక్కిలించిన నీళ్లూ మిగిలిన చాయా పోస్తాడు. అయినా ఆ తీగ నోరు మూయదు. స్వరూప దవాఖానలో ఉంటే వాడు కల్లు దుకాణంలో ఉన్నాడు. కొండవ్వ దవాఖానలో ఉన్న పదహారు రోజులూ రాజమల్లయ్య మంచం పక్క నుంచి లేవలేదు. మాట్లాడనూ లేదు, అది వేరే సంగతి.

ఆ ఇంట్లో మాటలు మొదటి నుంచీ తక్కువే. అతనిది గుంటమగ్గం. గొల్లభామ చీరలు నేస్తాడు. బొమ్మ కోసం పోగులు లెక్కపెట్టి ఎత్తాలి. లెక్క తప్పితే గొల్లభామ నెత్తి మీది కుండ వంకర పోతుంది. అందుకే మగ్గం మీద ఉన్నప్పుడు ఇంట్లో గొంతు వినపడకూడదని పెళ్లయిన వారానికే చెప్పాడు. కొండవ్వ ఇరవై తొమ్మిదేళ్లు ఆ మాట దాటలేదు. అన్నం వేళకు వచ్చి గంటెతో మగ్గం గుంజను తట్టి పోయేది.

బాలనర్సయ్యా స్వరూపా పదేళ్లు భివండిలో మరమగ్గాల మీద పనిచేసి వచ్చారు. ఆ మోతలో గొంతెత్తి పేరు పెట్టి అరవకపోతే పక్కనున్న మొగుడికి కూడా వినపడదు. ఆ అలవాటు ఇక్కడికి వచ్చాకా పోలేదు. మొగుణ్ణి పేరుతో పిలుస్తుంటే వాడకట్టు ఆడవాళ్లు ముక్కున వేలేసుకునేవారు. రాజమల్లయ్య కూడా సిగ్గులేని మనిషని తిట్టుకునేవాడు. ఇప్పుడు రోజూ పొద్దున ఆ పిలుపు చెవిన పడితే కడుపు మండిపోతోంది.

దానికి తోడు తన తీగకు పురుగు పట్టింది. మొగ్గ విచ్చుకునేటప్పుడు లోపల టక్కుటక్కుమని చప్పుడు. పురుగు తొలిచేయబట్టే పువ్వు మూగదవుతోందని రెండుసార్లు వేపనూనె కొట్టాడు. పురుగు కంటికి కనపడలేదు. చప్పుడూ ఆగలేదు.

ఆ పొద్దున బాలనర్సయ్య చాయ గ్లాసుతో గోడ మీదికి వంగాడు.

"ఇయ్యాల నాలుగుసార్లు పిలిచిందన్నా. బతికున్నప్పుడే నయముండె, చెవుల దూది పెట్టుకోవాలె ఇగ."

రాజమల్లయ్య వంగి తన తీగ మొదట్లో మట్టి సర్దాడు.

"వదిన ఇంక నోరిప్పలేదా? మనసుల ఏం పెట్టుకొని పోయిందో ఏమో, పాపం."

ఆ 'పాపం' అన్న మాట రాజమల్లయ్యకు తగలరాని చోట తగిలింది. లోపలికి పోయి కొడవలి తెచ్చాడు. వేరుకు జానెడు పైన ఒక్క వేటు. తీగను గోడ మీద నుంచి లాగబోయాడు గానీ రాలేదు. అలాగే వదిలేశాడు. బాలనర్సయ్య గ్లాసు పట్టుకుని మెల్లగా లోపలికి జారుకున్నాడు.

సంవత్సరీకానికని మధ్యాహ్నం బస్సుకు కూతురు ప్రవీణ రాయపోల్ నుంచి వచ్చింది. కాళ్లు కడుక్కోవడానికి పెరట్లోకి పోయి అక్కడే నిలబడిపోయింది.

"తీగ ఎవరు కోసిన్రు బాపూ?"

"నేనే. మీ అవ్వ నన్ను యాది మరిచింది. ఏడాదాయె, ఒక్కనాడన్న నా పేరు తీసిందా? ఆ తాగుబోతోనికేమో దినాం పిలుపులే."

ప్రవీణ చేతిలోని చెంబు కింద పెట్టింది.

"బతికున్నప్పుడు ఎన్నడన్న తీసిందా నీ పేరు? ఓట్ల లిస్టు రాసేటోళ్లొచ్చి మొగుని పేరడిగితే నన్ను చెప్పమనేది. నిన్ను అవ్వ ఎట్ల పిలిచేదో నీకు ఎరుకలేదా? గంటెతోని గుంజను గొట్టేది."

రాజమల్లయ్య పూలలో చప్పుడు సంగతి కూతురికి చెప్పలేదు. వేపనూనె సీసా మాత్రం తీసి దూరంగా పారేశాడు. తరువాత గంజిలో ముంచిన నూలు పట్టుకుని తీగ దగ్గర కూర్చున్నాడు. తెగిన పోగును చూడకుండానే అతకగలడు. ముడి మీద ముడి వేశాడు. తెగిన చోట నుంచి జిగురు కారుతూనే ఉంది.

మరునాడు పొద్దున్నే మగ్గం గుంటలో దిగాడు. గోడ అవతల నుంచి "నర్సయ్యా" వినిపించింది. కాసేపు ఏమీ లేదు.

టక్. టక్. టక్.

అతని కాళ్లు వాటంతట అవే గుంటలోంచి లేచాయి. వంటింటి వైపు సగం దూరం పోయి, ఆగి, పెరట్లోకి తిరిగాడు. ఇవతలి ఆకులన్నీ వేలబడ్డాయి. అవతలికి దిగిన కొమ్మలో ఇంకా తడి ఉన్నట్టుంది. దాని చివర ఒకే ఒక్క పువ్వు విచ్చుకుని ఉంది. చెయ్యి చాపితే అందదు. బాలనర్సయ్య దాని మీదికి వంగి చెవి పెట్టి వింటున్నాడు.

"ఏందన్నా ఈ చప్పుడు? వదిన పువ్వేనా?"

"పురుగు," అన్నాడు రాజమల్లయ్య. "దాన్ని ముట్టకు. ఆడికెళ్లి జరుగు."

బాలనర్సయ్య జరిగాడు. రాజమల్లయ్య గోడ పట్టుకుని నిలబడ్డాడు. బంధువులు వచ్చారు. ప్రవీణ రెండుసార్లు పిలిచింది. అతను కదలలేదు. మధ్యాహ్నం పువ్వు రాలింది, అవతలి పక్కన, బాలనర్సయ్య పొద్దున పారబోసిన చాయ తడిలో.